ఛార్జి పుచ్చుకున్నది ఎవరు?

కోల్‌కతా పక్కన న్యూ టౌన్‌లో సెప్టెంబరు వచ్చిందని చెప్పడానికి క్యాలెండర్ అక్కర్లేదు. ఇంకా పునాది పడని ప్రతి ప్లాటులోనూ రెల్లు తెల్లగా పూస్తుంది. బెంగాలీలు కాశ్ ఫూల్ అంటారు. దుర్గమ్మ బయల్దేరిందనడానికి వాళ్లకు అదే కబురు. 2025లో ఆ రెల్లు పూసిన రోజుల్లోనే మా నాన్న, మా మామగారు మా ఇంట్లో పదిహేను రోజులు కలిసి ఉన్నారు. మనవరాలి పుట్టినరోజు వంక.

నాన్న ఖరగ్‌పూర్ డివిజన్‌లో స్టేషన్ మాస్టరుగా రిటైరయ్యారు. మా తాత శ్రీకాకుళం వైపు నుంచి రైల్వే పనికి ఖరగ్‌పూర్ వచ్చి అక్కడే ఉండిపోయాడు కాబట్టి మేం మూడు తరాలుగా బెంగాల్ తెలుగువాళ్లం. మామగారు ప్రకాశం జిల్లా మనిషి. తాసీల్దారుగా చాలా మండలాలు తిరిగి డిప్యూటీ కలెక్టరుగా దిగిపోయారు. ఒకరు కోర్టుకు వెళ్లినవారు, ఇంకొకరు కోర్టు చేత పిలిపించుకున్నవారు. అంతకంటే మంచి జోడీ ఎక్కడ దొరుకుతుంది?

గొడవకు కారణం మా పక్క ఫ్లాటు పెద్దాయన. రాష్ట్ర ప్రభుత్వంలో పనిచేసి రిటైరైన మనిషి. ఎకో పార్కు నడకలో కలిసి, డీఏ బకాయిల గురించి మొదలుపెట్టి, చెరువు చుట్టూ ఒక ప్రదక్షిణ పూర్తయ్యేదాకా ఆపలేదు. పాత డీఏ బకాయిల్లో ముందు పాతిక శాతం ఇవ్వండని సుప్రీం కోర్టు మే 16న పశ్చిమ బెంగాల్ ప్రభుత్వానికి చెప్పింది. గడువు జూన్ నెలాఖరుకు తీరింది. ఆఖరి రోజున ప్రభుత్వం ఇంకో ఆర్నెల్లు కావాలని పిటిషన్ వేసింది. అంతకుముందు కలకత్తా హైకోర్టు 2022 మే 20న మూడు నెలల్లో ఇమ్మంది. ‘మా ప్రభుత్వం లెక్కలో ఆ మూడు నెలలు ఇంకా కాలేదు’ అని నవ్వి, పెద్దాయన తన దారిన వెళ్లారు.

గేటు బయట మట్టి ముంతల్లో టీ తాగుతూ మొదలైన మాట, ఇంటికొచ్చి బాల్కనీలో మధ్యాహ్నం భోజనాల దాకా సాగింది. నాకు గుర్తున్నంత వరకూ రాస్తున్నాను.

నాన్న: నేనైతే ఆ సంతకం పెట్టాల్సిన అధికారి జీతం ఆపేద్దును బావగారూ. ఒక్క నెల ఆపితే చాలు. రెండో నెలకి ఫైలు దానంతటదే నడుచుకుంటూ వస్తుంది.

మామగారు: ఆయన జీతమంతా కోసినా మీ పెద్దాయనకి ఈ ముంతెడు టీ ఖర్చు రాదు. బకాయి వేల కోట్లు. ఇవ్వాలో వద్దో తేల్చేది ఆర్థికశాఖ, దాని వెనక మంత్రివర్గం. వద్దనే మనిషి వేరు, కోర్టులో చేతులు కట్టుకుని నిలబడే మనిషి వేరు. మీరు దొరికినవాణ్ణి పట్టుకుంటానంటున్నారు.

నాన్న: దొరికినవాణ్ణి కాక దొరకనివాణ్ణి ఎలా పట్టుకుంటాం? అయినా అన్నీ వేల కోట్ల కేసులేనా? మీ గుంటూరు సంగతి చూడండి. మొన్న మేలోనే కదా. అడవితక్కెళ్లపాడులో పేదల గుడిసెల జోలికి వెళ్లొద్దని హైకోర్టు 2013లో చెప్పింది. 2014 జనవరిలో తాసీల్దారు పోలీసుల్ని వెంటేసుకెళ్లి పీకించేశాడు. దానికి ఏ ఆర్థికశాఖ అనుమతి కావాలి? పీకకుండా ఊరుకుంటే చాలు. ఊరుకోవడానికి పైసా ఖర్చు లేదు.

మామగారు కాసేపు మాట్లాడలేదు. ఆ తాసీల్దారు తాతా మోహనరావు కేసు రెవెన్యూలో పనిచేసిన ప్రతివారికీ తెలుసు. కోర్టు ధిక్కారం కింద హైకోర్టు 2015లో రెండు నెలల సాధారణ జైలు వేసింది. అప్పీలులోనూ అదే నిలిచింది. ఈలోగా ఆయన డిప్యూటీ కలెక్టరయ్యారు. 2025 మే 9న సుప్రీం కోర్టులో జస్టిస్ గవాయ్, జస్టిస్ మసీహ్ ధర్మాసనం జైలు తప్పించి, ఆయన్ను మళ్లీ తాసీల్దారు చేసి, లక్ష రూపాయలు జరిమానా వేసింది.

మామగారు: దాన్ని నేను వెనకేసుకురాను. కోర్టు వద్దన్న చోటికి జేసీబీ తీసుకెళ్లడం పొగరు. దానికి ఏ శిక్షయినా తక్కువే. కాని ఒకటి చూడండి. గుడిసె పోయింది 2014లో, ఆయన హోదా పోయింది 2025లో. మధ్య పదకొండేళ్లు. హోదా తగ్గితే గుడిసె లేస్తుందా? మీ వ్యక్తిగత బాధ్యత అనే మందు రోగి పోయాక కాటికాపరికి ఇస్తున్న మందు.

నాన్న: ఆ రోగికి కాకపోయినా వాడలో మిగతావాళ్లకి పనిచేస్తుంది. ఆ తీర్పు తర్వాత మీ జిల్లాల్లో తాసీల్దార్లు స్టే ఆర్డరు రెండుసార్లు చదువుతున్నారా లేదా?

మామగారు: చదువుతున్నారు. మూడోసారి కూడా చదువుతున్నారు. చదివి, ‘పైవారి ఉత్తర్వుల నిమిత్తం’ అని పైకి పంపుతున్నారు. భయపడ్డ ఉద్యోగి పని చేస్తాడనుకోవద్దు. భయపడ్డ ఉద్యోగి ఫైలు పంపిస్తాడు.

ఇది మామగారు కాచి వడపోసిన మాట. నాన్న మాత్రం లొంగలేదు. కుర్చీ ముందుకు జరుపుకుని న్యూ టౌన్ మీదికే వచ్చారు.

నాన్న: సరే, ఇంత దూరం ఎందుకు? మన కాళ్లకింద నేల కథే చెప్తాను. ఈ ఊరు కట్టింది హిడ్కో కదా. ఇక్కడే స్కూలు పెట్టుకోమని సౌరవ్ గంగూలీ సంస్థకి రెండెకరాలిచ్చారు. పోటీ లేదు, టెండరు లేదు. అంతకుముందు సాల్ట్ లేక్‌లో ఆయనకిచ్చిన ప్లాటుని సుప్రీం కోర్టు 2011లో కొట్టేసింది. ఒకసారి మొట్టికాయ పడ్డాక కూడా 2013లో మళ్లీ అదే పని. కేసు హైకోర్టుకి వెళ్లింది. ఈలోగా గంగూలీ ప్లాటు వెనక్కిచ్చేశాడు కూడా. అయినా 2021 సెప్టెంబరు 27న కోర్టు తీర్పు చెప్పింది. గంగూలీకి, సంస్థకి కలిపి పది వేలు. రాష్ట్రానికి యాభై వేలు, హిడ్కోకి యాభై వేలు.

మామగారు: యాభై వేలా! ఇక్కడ కార్పెట్ ఏరియాలో ఎన్ని చదరపుటడుగులొస్తాయి?

నాన్న: అసలు సంగతి అది కాదు. ఆ డబ్బు తప్పు చేసిన అధికారుల దగ్గర ‘వసూలు చేసుకోవచ్చు’ అంది. ఆ ‘వచ్చు’ దగ్గరే మునిగిపోయాం. మా రైల్వే రూలు పుస్తకంలో ‘వచ్చు’ వేరు, ‘వలెను’ వేరు. గార్డు జెండా ‘ఊపవచ్చు’ అని ఎక్కడైనా రాస్తారా? ఊపవలెను! వసూలు చేయవలెను అని రాస్తే ఎవడో ఒకడు రాసుకుని వసూలు చేస్తాడు. వచ్చు అంటే సెక్రటేరియట్‌లో ఏం అర్థం? అక్కర్లేదని అర్థం.

(ఆ యాభై వేలు ఎవరి జీతంలోంచైనా వెళ్లాయో లేదో మా బాల్కనీలో ఎవరికీ తెలీదు. తెలుగులో ఈ ‘వచ్చు’ ఎంత గడుసుదో నేను అప్పటిదాకా గమనించలేదు. ‘మీరు వెళ్లవచ్చు’ అంటే అనుమతో, గెంటివేతో చెప్పిన గొంతును బట్టి ఉంటుంది.)

మామగారు: ‘వలెను’ అన్న రోజులు కూడా ఉన్నాయి బావగారూ, మీరు మర్చిపోతున్నారు. 1993లో లక్నో డెవలప్‌మెంట్ అథారిటీ కేసులో సుప్రీం కోర్టు ఏం చెప్పింది? ఫ్లాటు ఇవ్వకుండా ఎంకే గుప్తా అనే ఆయన్ను తిప్పినందుకు పరిహారం ముందు ప్రజల డబ్బులోంచి ఇచ్చి, ఆ తర్వాత బాధ్యులైన ఉద్యోగుల దగ్గర రాబట్టమంది. ముప్ఫై రెండేళ్లయింది. లా కాలేజీల్లో అందరూ చదువుతారు. నా సర్వీసంతటిలో ఒక్క జీతం బిల్లులోనూ ఆ కోత నేను చూడలేదు. పైగా 1996లో పెట్రోలు బంకుల కేసులో కేంద్ర మంత్రి సతీశ్ శర్మని సొంత డబ్బులోంచి యాభై లక్షలు కట్టమన్నారు. దేశమంతా చప్పట్లు. 1999లో అదే సుప్రీం కోర్టు ఆ యాభై లక్షలు వెనక్కి తీసుకుంది. చప్పట్లకి ఉన్న ఆయుష్షు మూడేళ్లు.

నాన్న: అది ధిక్కారం కాదు, అధికార దుర్వినియోగం.

మామగారు: ధిక్కారమే కావాలా? తీసుకోండి. 1971 ధిక్కార చట్టంలో పెద్ద శిక్ష ఆరు నెలల సాధారణ జైలు, లేదా రెండు వేల జరిమానా, లేదా రెండూ. 1971లో రెండు వేలంటే దాదాపు వంద గ్రాముల బంగారం. ఇవాళ మీ మనవరాలి పుట్టినరోజు కేకు. అయోధ్య విషయంలో కోర్టుకిచ్చిన మాట తప్పినందుకు ముఖ్యమంత్రిగా చేసిన కల్యాణ్ సింగ్‌కి 1994లో పడింది ఒక్క రోజు జైలు, అదే రెండు వేలు. అంత పెద్ద మనిషికి అంత చిన్న శిక్ష. మా తాసీల్దారుకి రెండు నెలలు. అందుకే అంటున్నాను, ఈ బాధ్యత పైకి పోయేకొద్దీ పలచబడుతుంది.

నాన్న: అన్నిసార్లూ పలచబడలేదు. 2006లో మహారాష్ట్రలో అడవుల మంత్రి స్వరూప్ సింగ్ నాయక్‌కీ, ఆ శాఖ ప్రిన్సిపల్ సెక్రటరీకీ నెలేసి జైలు వేశారు. రంపపు మిల్లులకు కోర్టు వద్దన్నా అనుమతులిచ్చినందుకు. మంత్రినే వేశారు!

మామగారు: ఎన్నేళ్లకొకసారి? వానాకాలం ఎండలా!

ఇక్కడ కాసేపు మాట అటూ ఇటూ పోయింది. ఆంధ్ర హైకోర్టు 2022 మార్చి 31న ఎనిమిది మంది ఐఏఎస్‌లకు రెండు వారాల జైలు వేసిన సంగతి నాన్న తెచ్చారు. బడుల ఆవరణల్లో గ్రామ సచివాలయాలు కట్టొద్దంటే కట్టినందుకు. వాళ్లు క్షమాపణ చెప్పాక జస్టిస్ బట్టు దేవానంద్ జైలు తీసేసి, ఏడాదిపాటు నెలకోసారి సంక్షేమ హాస్టల్‌కి వెళ్లి పిల్లలకి ఒకపూట భోజనం సొంత ఖర్చుతో పెట్టమన్నారు. నాన్నకు ఆ శిక్ష చాలా నచ్చింది. మామగారికి అసలు నచ్చలేదు.

మామగారు: హాస్టల్లో భోజనం పెట్టడం శిక్షా? అది వాళ్ల డ్యూటీ. డ్యూటీని శిక్షగా చెప్తే మిగతా అధికారులకి ఏం అర్థమవుతుంది? పైగా కొందరు అప్పీలుకి వెళ్లి స్టే తెచ్చుకున్నారు. ఆ అప్పీలు ఫీజులు ఎవరిచ్చారో అడగండి.

నాన్న: అదే నేను అడగాలనుకున్నది! ధిక్కారం చేసిన పెద్దమనిషికి వకీలు ఖర్చు సర్కారుది. ఆ ధిక్కారం వల్ల నష్టపోయినవాడికి వకీలు ఖర్చు వాడి సొంతం. వాడు కట్టే పన్నుతోనే అవతలివాడి వకీలు. ఇంతకంటే ఎదురు వడ్డీ ఉంటుందా? తెలంగాణలో అయితే ఏకంగా ధిక్కారానికే బడ్జెట్ ఇచ్చారు. 2021 జూన్‌లో 58 కోట్ల 95 లక్షలు!

మామగారు: ఆ జీవో అలా చదవకూడదు. ఆ డబ్బు భూసేకరణ పరిహారాల కోసం. ధిక్కార కేసులున్నచోట బాధితులకు చెల్లించడానికి. రాతలో పొరపాటు జరిగిందని చీఫ్ సెక్రటరీ కోర్టుకి చెప్పారు.

నాన్న: హైకోర్టు ఆ డబ్బు కదలకుండా ఆపింది కదా ముందు?

మామగారు: ఆపింది. తర్వాత వివరణ ఇచ్చారు. నేను చెప్పేది అదే. జీవో రాసిన సెక్షన్ ఆఫీసరుకి తెలుగూ రాదు, ఇంగ్లిషూ రాదు.

మామగారు చెప్పింది నిజమే. కాని నాన్న నవ్వింది కూడా నిజమే. పరిహారం అనే పేరుతో కదలని డబ్బు, ధిక్కారం అనే పేరు పెట్టగానే కదిలింది. కోర్టు తీర్పు చేతికొచ్చినప్పుడు కాదు, జైలు మాట వినపడ్డప్పుడు ఫైలుకి కాళ్లొస్తాయి. మన దేశంలో హైకోర్టుల దగ్గర పేరుకుపోయిన ధిక్కార కేసులు 2025 మార్చి నాటికి లక్షా నలభై వేలు దాటాయని పార్లమెంటులో కేంద్రమే చెప్పింది. ప్రతిదాని వెనకా ఒకసారి గెలిచిన మనిషి ఉన్నాడు. గెలిచాక మళ్లీ మొదట్నుంచి నడుస్తున్నాడు.

మామగారు: ఇంకో మాట. జడ్జిగారికి కోపం వస్తే ఎవరు చూడాలి? చొక్కా ఎందుకు అలా వేసుకున్నావని కలెక్టర్లని కోర్టులో నిలబెట్టి అవమానించిన సందర్భాలు నాకు తెలుసు. అందుకే కదా 2024 జనవరి 3న సుప్రీం కోర్టే ఒక పద్ధతి రాసింది. అయినదానికీ కానిదానికీ అధికారుల్ని పిలవొద్దు, ముందు వీడియోలో చూడండి, బట్టల మీద వ్యాఖ్యలు చేయొద్దు అని. ఇక్కడ కలకత్తాలోనే చూడండి. టీచర్ల కేసుల్లో ప్రాథమిక విద్యా మండలి అధ్యక్షుడికి సొంత జేబులోంచి కట్టమని జరిమానా వేసిన జస్టిస్ అభిజిత్ గంగోపాధ్యాయ్ 2024 మార్చిలో రాజీనామా చేసి, రెండు రోజులకే ఒక పార్టీలో చేరి, తమ్లుక్ నుంచి ఎంపీ అయ్యారు. ఆయన తీర్పులు తప్పని నేననడం లేదు. కాని జరిమానా కట్టినవాడు రేపు ఏమంటాడు?

నాన్న: ఆయన ఏమన్నా అననీ. ఆ టీచరు పరీక్ష రాసిన పిల్లలకి జడ్జిగారి పార్టీతో పనేమిటి? పిల్లకి మార్కు రావాలి, వచ్చిందా లేదా? జడ్జీల్లో తేడాలున్నాయని అధికారిని వదిలేస్తే, అధికారి అనేవాడు మనిషి కాకుండా పోతాడు. ‘ప్రభుత్వం’ అయిపోతాడు. ప్రభుత్వానికి చెంపలుండవు బావగారూ, వేసుకోడానికి.

అంతలో మా ఆవిడ పప్పుచారు పోపు వాసనతో పాటు బాల్కనీలోకి వచ్చి, ‘ఇద్దరూ కోర్టు వాయిదా వేసుకుని లోపలికి రండి’ అంది. ఎవరూ లేవలేదు. నాన్న తన అసలు అస్త్రం బయటికి తీశారు.

నాన్న: మా రైల్వేలో ఒకటుంది. ట్రెయిన్ సిగ్నల్ రిజిస్టర్. ఏ బండికి లైన్ క్లియర్ ఎవరిచ్చారు, ఎన్ని గంటల ఎన్ని నిమిషాలకిచ్చారు, అన్నీ చేత్తో రాయాలి. గేటు మూశావా అని గేట్‌మ్యాన్‌ని ఫోన్‌లో అడిగితే ‘ఊఁ’ అంటే చాలదు. వాడు ప్రైవేట్ నంబర్ చెప్పాలి. అది నా పుస్తకంలో రాసుకోవాలి. డ్యూటీ దిగేటప్పుడు తర్వాతి మాస్టరుకి ‘నాలుగో లైన్లో గూడ్స్ ఉంది, అప్ హోమ్ సిగ్నల్ చెడింది’ అని రాసిచ్చి, వాడి సంతకం తీసుకుని దిగాలి. ఎనిమిది గంటల డ్యూటీలో ఎనిమిదొందల ప్రాణాలుంటాయి. ప్రతి ప్రాణానికీ ఒక పేరు, ఒక నిమిషం. కోర్టు ఆర్డరుకి ఆ మాత్రం పుస్తకం ఉండొద్దా?

మామగారు: బాగుంది. ఇప్పుడు మీ రైల్వే గురించే అడుగుతాను, కోప్పడకండి. యాక్సిడెంట్ అయితే ముందు సస్పెండయ్యేది ఎవరు?

నాన్న: ...

మామగారు: పాయింట్స్‌మ్యాన్. స్టేషన్ మాస్టర్. లోకో పైలట్. ఆ స్టేషన్‌లో రెండు పోస్టులు మూడేళ్లుగా ఖాళీగా ఉన్నాయని, మనిషి డబుల్ డ్యూటీ చేస్తున్నాడని, సిగ్నల్ మార్చమని పంపిన ఉత్తరం మూడుసార్లు తిరిగొచ్చిందని విచారణలో నాలుగో పేరాలో రాస్తారు. ఆ పోస్టు నింపని పెద్దాయన జీతంలో కోత పడిందా ఎప్పుడైనా? మీ పుస్తకంలో కిందివాడి నిమిషాలే ఉన్నాయి బావగారూ. పైవాడి సంవత్సరాలు ఎక్కడ రాశారు?

నాన్న జవాబు చెప్పలేదు. ముప్ఫై ఆరేళ్ల సర్వీసులో ఆయన ఇద్దరు పాయింట్స్‌మెన్‌ని సస్పెన్షన్‌లోకి పంపినవారే. ఇంట్లో అందరికీ తెలిసిన సంగతి, ఎవరూ మాట్లాడని సంగతి. నేను లేచి ఫ్యాన్ స్పీడు పెంచాను.

మామగారు గెలిచారనుకున్నాను. కాని ఆయన అక్కడ ఆగకుండా, గెలిచినవాళ్లు సాధారణంగా చేయని పని చేశారు. తన వైపు గోడలో ఇటుక తానే ఊడదీశారు.

మామగారు: అసలు సంగతి చెప్తాను వినండి. నేను ఒక మండలంలో ఛార్జి తీసుకున్న మూడో రోజు నామీద ధిక్కార నోటీసొచ్చింది. తీర్పు నాకంటే ముందు పనిచేసినాయన కాలంలో వచ్చింది. ఆయన ఛార్జి అప్పగించేటప్పుడు ఏమేం రాసిచ్చారో తెలుసా? బీరువా తాళాలు రెండు, జీపు ఒకటి, స్టెప్నీ ఒకటి, నగదు ఇంత, వీఐపీ కుర్చీలు ఆరు. తీర్పు గురించి ఒక్క ముక్క లేదు. కోర్టులో నేను నిలబడ్డాను. చేయని తప్పుకి చేతులు జోడించాను. జీపు స్టెప్నీ పోతే ఆయన దగ్గర వసూలు చేసేవాళ్లు. తీర్పు పోతే ఎవరి దగ్గరా చేయరు. ఎందుకంటే అది స్టాకు రిజిస్టర్లో లేదు.

నాన్న: అదే కదా నేనన్నది!

మామగారు: మీరన్నది జీతం కోయమని. నేనంటున్నది కోసేముందు ఎవరి జీతమో తేల్చమని. నెల్లూరు కేసు చూడండి. ఒకామె భూమి తీసుకుని ఒక జాతీయ సంస్థకిచ్చారు. పరిహారం ఇవ్వమని హైకోర్టు 2017 ఫిబ్రవరిలో చెప్పింది. 2021 సెప్టెంబరు 2న ఐదుగురు ఐఏఎస్‌లకి జైలు వేశారు. నాలుగున్నరేళ్లలో కుర్చీల్లో ఎందరు కూర్చున్నారో, ఎందరు లేచారో. ఒకరైతే అప్పటికే రిటైరయ్యారు. అప్పీలుకి వెళ్లడానికి శిక్ష నెల రోజులు ఆపారు. ప్రతివారూ ‘నా టైములో కాదు’ అనగలరు. ఎవరి టైములోనూ కాకుండా నాలుగున్నరేళ్లు గడిచాయి! చట్టంలో ‘ఉద్దేశపూర్వకంగా’ అనే మాటుంది కదా, అందరూ దాని వెనకే దాక్కుంటారు. నాకు తెలీదు అన్నవాడికి ఉద్దేశం ఎక్కడుంటుంది? అందుకని తెలిసినట్టు సంతకం పెట్టించాలి. ఛార్జి అప్పగింత కాగితంలో, ఫలానా కోర్టు, ఫలానా తేదీ, ఇంత గడువు, ఇంతవరకు చేసింది ఇది, ఆగింది ఫలానా చోట అని. ఆర్థికశాఖలో ఆగితే ఆ మాటే రాయాలి. అప్పుడు తాసీల్దారు మెడ కాదు, ఆ ఫైలు ఆగిన చోట ఉన్న మెడ కనపడుతుంది. సెక్రటేరియట్ దాకా కనపడుతుంది.

నాన్న: మరి ఫోన్లో వద్దన్న మంత్రి?

మామగారు: ఫోన్లో చెప్పినదాన్ని ఫైల్లో రాయకపోతే అది చెప్పనట్టే. రాసే ధైర్యం లేనివాడు శిక్ష పడ్డప్పుడు తనమీద జాలిపడమంటే నేను కూడా పడను.

నాన్న: రాస్తే మర్నాడు బదిలీ.

మామగారు: అవును. బదిలీ. మీ పాయింట్స్‌మ్యాన్‌కి సస్పెన్షన్, మా వాడికి బదిలీ.

ఆ మాటకి ఇద్దరూ నవ్వారు గాని, అది నవ్వొచ్చే మాట కాదు. నా వరకు చెప్పాలంటే, జైలు మీదా జరిమానా మీదా నాన్నకున్నంత నమ్మకం నాకు లేదు. అధికారుల మీద మామగారికున్నంత జాలి కూడా లేదు. నేను కంప్యూటర్ మీద బతికేవాణ్ణి. మా పనిలో చిన్న మార్పు చేసినా ఎవరు, ఎప్పుడు, ఎందుకు అని దానంతటదే నమోదవుతుంది. నమోదైనంత మాత్రాన తప్పులు ఆగవు. కాని ‘నేను కాదు’ అనే వాదన ఆగుతుంది. న్యాయస్థానాల ధిక్కార విచారణలో ఏళ్లు తినేస్తున్నది ఆ ఒక్క వాదనే అని ఆ మధ్యాహ్నం నాకు అనిపించింది. ఎనిమిది మంది ఐఏఎస్‌ల కేసైనా, గుంటూరు గుడిసెలైనా, న్యూ టౌన్ ప్లాటైనా, కోర్టు ముందుగా వెతుక్కున్నది మనిషిని. ఆ మనిషిని వెతికిపెట్టే కాగితం ప్రభుత్వం దగ్గరే ఉండాలి, లేదు.

భోజనాలయ్యాక నాన్న లోపలికి వెళ్లి ఒక ప్లాస్టిక్ సంచి తెచ్చారు. మా ఇంట్లో ఆ సంచి తెలియనివారు లేరు. ఊళ్లో తాతగారి పొలంలో కొంత ముక్క రోడ్డుకి పోయింది. పరిహారం పెంచమని వేసిన కేసు గెలిచాం. మూడు నెలల్లో చెల్లించమని తీర్పు. అది ఏ ఆఫీసో నేను రాయను. ఏ ఆఫీసైనా కావచ్చు. మూడు నెలలు దాటి మరో ఏడు నెలలైంది.

మామగారు కళ్లద్దాలు పెట్టుకుని తీర్పు మొదటి పేజీ నుంచి చివరి పేజీ దాకా చదివారు. ఇన్నేళ్లూ అవతలి వైపు కూర్చుని చదివిన మనిషి.

మామగారు: ధిక్కారం వేయాలంటే ఏడాదే గడువు బావగారూ. సెక్షన్ ఇరవై. మీకు ఇంకో అయిదు నెలలుంది. ముందు నోటీసివ్వండి. హోదా రాసి ఊరుకోకండి, పేరు రాయండి. హోదాకి జైలుండదు.

నాన్న: ఎవరి పేరు? తీర్పు వచ్చిన దగ్గర్నుంచి ఆ కుర్చీలో ముగ్గురు మారారు.

మామగారు: తీర్పు కాపీ అందినట్టు ముద్ర వేసిన తేదీ చూడండి. ఆ రోజు ఎవరున్నారు?

నాన్న సంచిలో వెతికారు. పోస్టు రసీదు దొరికింది, అక్నాలెడ్జ్‌మెంట్ కార్డు దొరికింది. ముద్ర స్పష్టంగానే ఉంది. తేదీ ఉంది. కింద సంతకం ఉండాల్సిన చోట ఒక పొట్టి గీత, దాని పక్కన ‘ఫర్’ అనే మాట. పేరు లేదు.

ఆ సాయంత్రమే మామగారు సమాచార హక్కు దరఖాస్తు రాశారు, పది రూపాయల పోస్టల్ ఆర్డరు జత చేసి. అడిగింది రెండే ప్రశ్నలు. ఆ తేదీన ఆ ఆఫీసులో ఛార్జిలో ఉన్న అధికారి పేరు. ఆయన దిగిపోయేటప్పుడు రాసిచ్చిన అప్పగింత పత్రం నకలు. జవాబుకి చట్టం ఇచ్చిన గడువు ముప్ఫై రోజులు. పండుగ సెలవులు దాటి అక్టోబరులో ముప్ఫయ్యో రోజు వచ్చింది. జవాబు రాలేదు. నాన్న మొదటి అప్పీలు వేశారు.